హన్నమ్మ

"మీరు తెలుగు సారు గదా, ఒక పేరుకు అర్థం చెప్పాలె" అంటూ మా వీధి చివరి ఇంటి పెద్దావిడ ఒక ఆదివారం సాయంత్రం మా గుమ్మంలో నిలబడ్డది.

చిల్కానగర్‌లో తెలుగు మాష్టారుగా కాపురమున్న వాడికి ఇటువంటి పని కొత్త కాదు. నెలకొకసారైనా ఎవరో ఒకరు నక్షత్రం పేరు చెప్పి, "చు, చే, చో, లా" అని నాలుగక్షరాలు చీటీ మీద రాసుకుని వస్తారు. పేరు ఆ అక్షరంతో మొదలు కావాలి, వినడానికి కొత్తగా ఉండాలి, ఎవరికీ ఉండకూడదు, పైగా దానికొక గొప్ప అర్థమూ ఉండాలి. నాలుగూ ఒకచోట కుదరడం వరుడి వేటకంటె కష్టం. నాకు చేతనైనది చెప్పి పంపుతుంటాను.

కాని ఆవిడ చీటీ తేలేదు. "హన్నా అంటే ఏంది సారూ?" అని అడిగింది.

నాకు నవ్వు వచ్చింది. ఎందుకంటే ఆవిడ పేరే హన్నమ్మ. డెబ్బై ఏళ్లుగా మోస్తున్న పేరుకు ఈనాడు నన్ను అర్థం అడుగుతున్నది!

సంగతి తర్వాత తెలిసింది. కొడుకుకు ఆడపిల్ల పుట్టింది. కోడలు చదువుకున్న పిల్ల. సెల్‌ఫోనులో వందల పేర్లు వెదికి వెదికి చివరకు ఒకటి పట్టుకున్నది. పొట్టి పేరు, నోటికి సుళువు, అమెరికాలోనూ పలుకుతారు, ఇంగ్లీషులో వెనకనుంచి చదివినా అదే వస్తుంది. "అత్తమ్మా, హన్నా అని పెడదామా?" అన్నదట. ముసలావిడ మొదట తనను పిలిచిందనుకున్నది. తర్వాత, "గా పాత పేరు ఎవలు పెట్టుకుంటరు బిడ్డా?" అన్నదట. కోడలికి అత్తగారి చర్చి పేరు అంతవరకు తెలియనే తెలియదు! పెళ్లి శుభలేఖలో, రేషన్ కార్డులో, బ్యాంకి పుస్తకంలో ఆవిడకు మరో పేరు ఉన్నది. చక్కని పురాణాల పేరు. ఆ రెండో పేరు సంగతి మళ్లీ చెబుతాను. ముందు ఆవిడ అడిగిన ప్రశ్నకు నేను చెప్పిన జవాబు వినండి.

హన్నా అనేది హెబ్రీ భాషలోని మాట. హేత్, నూన్, నూన్ అనే మూడు హల్లుల ధాతువునుంచి పుట్టింది. మన సంస్కృతంలో కృ, గమ్ అని ధాతువులున్నట్టే హెబ్రీ, అరబ్బీ భాషల్లో మూడేసి హల్లుల ధాతువులుంటాయి. ఈ ధాతువుకు దయ చూపడం, కనికరించడం, అడగకముందే అనుగ్రహించడం అని అర్థం. కనుక హన్నా అంటే దయ, కృప. మన పల్లెల చర్చీలలో కృపమ్మ, కరుణమ్మ, దయామణి అనే పేర్లు ఎన్నో విన్నాం గదా! అవన్నీ హన్నమ్మకు తెలుగులో, సంస్కృతంలో ఉన్న అక్కచెల్లెళ్లే.

ఈ పేరు పెట్టుకున్న మొదటి స్త్రీ కథ బైబిలులో సమూయేలు మొదటి గ్రంథపు ప్రారంభంలోనే ఉన్నది. సుమారు 3,000 ఏళ్లనాటి కథ. అయినా మన ఇళ్లలో అమ్మమ్మలు చెప్పే కథలాగానే ఉంటుంది. ఎల్కానా అనే గృహస్థుకు ఇద్దరు భార్యలు. ఒకామె పెనిన్నా. ఆ పేరుకు ముత్యమనో పగడమనో చెబుతారు. రెండో ఆమె హన్నా. పెనిన్నాకు బిడ్డలు కలిగారు, హన్నాకు లేరు. ఏటేటా అందరూ కలిసి షిలోహు అనే క్షేత్రానికి మొక్కు చెల్లించడానికి పోతారు. అక్కడ భోజనాల వేళ పెనిన్నాకూ ఆమె పిల్లలకూ తలా ఒక పాలు పంచి, మనసు ఎక్కువగా ఉన్న హన్నాకు రెండు పాళ్లు పెడతాడు ఎల్కానా. పెట్టకపోయినా బాగుండేది! సవతి ఊరుకుంటుందా? గొడ్రాలని దెప్పుతుంది. హన్నా ముద్ద ముట్టదు. పదిమంది కొడుకులకంటె నీకు నేను ఎక్కువ కానా అని బుజ్జగిస్తాడు భర్త. పాపం, మంచివాడే. కాని మగవాళ్లు ఇటువంటి వేళల్లో మాట్లాడే మాటలు ఎన్నడూ సరిగా తగలవు.

ఒకనాడు హన్నా ఆలయంలో నిలబడి ఏడుస్తూ ప్రార్థించింది. పెదవులు కదిలాయేగాని మాట బయటికి రాలేదు. ద్వారబంధం దగ్గర కూర్చున్న ముసలి యాజకుడు ఏలీ ఆమెను చూసి తాగి వచ్చిందనుకున్నాడు. కోప్పడ్డాడు కూడా. తాను తాగలేదనీ, మనసులోని దుఃఖాన్ని కుమ్మరించుకుంటున్నాననీ ఆమె మర్యాదగా, తొణకకుండా చెప్పింది. ఆయన తప్పు తెలుసుకుని దీవించి పంపాడు.

ఈ ఘట్టానికి యూదులు ఎంత విలువ ఇచ్చారో తెలిస్తే ఆశ్చర్యం వేస్తుంది. ప్రార్థన ఎట్లా చేయాలి? గొంతెత్తి చేయాలా, పెదవులు కదిలించి చేయాలా, మనసు ఎక్కడ నిలపాలి? ఈ నియమాలను వారి పండితులు తాల్ముదు గ్రంథంలో చర్చించినప్పుడు ప్రమాణంగా తీసుకున్నది ఏ ప్రవక్తనూ కాదు, ఏ రాజునూ కాదు. తాగుబోతు అనిపించుకున్న ఈ స్త్రీని. నేటికీ యూదుల సంవత్సరాది మొదటినాడు వారి ప్రార్థన మందిరాలలో హన్నా కథ చదువుతారు.

ఆమెకు కొడుకు పుట్టాడు. వాడే సమూయేలు. తర్వాత సౌలునూ దావీదునూ రాజులుగా అభిషేకించిన ప్రవక్త. మొక్కుకున్న ప్రకారం పాలు మాన్పించగానే వాణ్ణి ఆలయానికి అప్పగించింది. కథలో నాకు బాగా నచ్చే భాగం ఆ తర్వాత వస్తుంది. ఏటేటా మొక్కుకు పోయినప్పుడల్లా పిల్లవాడికి ఒక చిన్న అంగీ కుట్టి పట్టుకుపోయేదట. ఏడాదికొకసారి చూసే బిడ్డకు ఈసారి ఎంత కొలత వేయాలో ఆ తల్లి ఎట్లా ఊహించుకున్నదో! ఇది చెబుతున్నప్పుడు మా హన్నమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నది. ఆవిడ కూడా పెద్దకొడుకును ఆరో ఏట హాస్టల్లో వేసిందట. ఆ మాట ఎక్కువ పెంచలేదు, నేనూ అడగలేదు.

సరే, హన్నా అనే పేరు అన్నా ఎట్లా అయింది?

హెబ్రీలో మొదటి అక్షరం హేత్. గొంతు లోపలినుంచి ఒత్తి పలికే హకారం. మన తెలుగులో అది లేదు. హైదరాబాదులో ఉర్దూ చదివినవాళ్లు 'బడీ హే' అంటారే, దానికి సరియైన జోడు. క్రీస్తుకు పూర్వం మూడో శతాబ్దం మొదలుకొని యూదుల గ్రంథాలను గ్రీకులోకి తర్జుమా చేశారు. అప్పటి గ్రీకు లిపిలో హకారానికి వేరే అక్షరమే లేదు. అందుచేత హన్నా కాస్తా 'అన్నా' అయింది. లాటినువాళ్లు అదే తీసుకున్నారు. అన్నా, ఆన్, ఆనీ, అనీత, రష్యాలో ముద్దుగా ఆన్యా, ఇవన్నీ ఆ హకారం పోయిన హన్నా సంతానమే.

ఇందులో వింత లేదు. మన పల్లెలో హనుమంతు అనుమంతు కావడం లేదా? హైదరాబాదు ఐద్రాబాదు కావడం లేదా? మా హన్నమ్మను సూర్యాపేట వైపు పుట్టింటివాళ్లు ఇప్పటికీ 'అన్నమ్మా' అనే పిలుస్తారట. గ్రీకు పండితులు లిపి లేక చేసిన పని మనవాళ్లు నోరు తిరగక చేశారు. ఫలితం ఒకటే.

తెలుగు బైబిలు చదివేవాళ్లకు ఇక్కడొక చమత్కారం కనబడుతుంది. పాత నిబంధనను హెబ్రీ ననుసరించి, కొత్త నిబంధనను గ్రీకు ననుసరించి తర్జుమా చేశారు గనుక ఒకే పేరు రెండు వేషాల్లో వస్తుంది. పాత నిబంధనలో సమూయేలు తల్లి 'హన్నా'. కొత్త నిబంధనలో, లూకా సువార్తలో, శిశువైన యేసును ఆలయంలో చూసి సంతోషించిన వృద్ధ ప్రవక్త్రి పేరు 'అన్న'. దానియేలు మిత్రుడు 'హనన్యా', అపొస్తలుల కార్యాలలో 'అననీయ'. అంతా ఒక ధాతువే. పైగా యేసును విచారించిన ప్రధాన యాజకుడు కూడా తెలుగులో 'అన్న'యే! ఆ పేరూ ఈ ధాతువు నుంచి పుట్టినదే. తొలిసారి ఈ భాగాలు చదివిన మన తెలుగు పాఠకుడు ఈ అన్న ఎవరికి అన్న అని తికమక పడి ఉంటాడు.

ఈ కుటుంబంలో మగపిల్లలకూ కొరత లేదు. యోహాను అనే పేరు హెబ్రీలో యోహానాను. ప్రభువు కనికరించాడు అని అర్థం. కనుక జాన్, ఇవాన్, జువాన్ అందరూ హన్నాకు అన్నదమ్ములు. రోము నగరాన్ని గడగడ లాడించిన కార్తేజి సేనాని హానిబాల్ పేరుకు బాల్ దేవుడి అనుగ్రహమని అర్థం. ఆయనది హెబ్రీకి దగ్గరి చుట్టమైన ఫినీషియా భాష. ఏనుగులను మంచుకొండలు దాటించిన ఆ వీరుడికీ, మా చిల్కానగర్ హన్నమ్మకూ పేరులో బంధుత్వమున్నదంటే ఆవిడ నమ్మలేదు.

మన నగరంలో మరో బంధువర్గం ఉన్నది. అరబ్బీలో హనాన్ అంటే వాత్సల్యం. ఖురానులో మర్యమ్ అనే సూరాలో యహ్యాకు, అనగా బైబిలులోని యోహానుకు, దేవుడిచ్చిన గుణాలలో ఈ హనాన్ ఒకటి. మర్యమ్ తల్లి పేరు ఖురానులో లేదుగాని ఇస్లాం సంప్రదాయంలో ఆమెను హన్నా అనే చెబుతారు. అక్కడ హకారం చెక్కుచెదరలేదు. హీనా అనే పేరు మాత్రం వేరు. అది గోరింటాకు. ఈ రెంటినీ కలపవద్దు.

క్రైస్తవులలోనూ మరియ తల్లి పేరు ఇదే. బైబిలులో ఆమె ప్రస్తావన లేదు. రెండో శతాబ్దంలో వెలసిన ఒక గ్రంథం మరియ తల్లిదండ్రులు యోవాకీము, అన్నా అని చెప్పింది. వాళ్లూ చాలాకాలం బిడ్డలు లేక పరితపించినవాళ్లే. పాత హన్నా కథ నీడ ఇందులో స్పష్టంగా కనబడుతుంది. కతోలిక సంఘం జూలై 26న ఆమె పండుగ జరుపుతుంది.

ఆ అన్నమ్మ మన సికింద్రాబాదుకు వచ్చిన తోవ ముచ్చటైనది. ఇటలీలోని టూరిన్ నగరంలో బరోలో ప్రభువులని సంపన్న దంపతులుండేవారు. వాళ్లకు బిడ్డలు లేరు. పేదపిల్లల చదువుకోసం 1834లో ఒక సన్యాసినుల సంఘం స్థాపించి దానికి అన్నమ్మ పేరు పెట్టారు. ఆ సంఘపు సోదరీమణులు 1871లో సికింద్రాబాదు చేరి బడి తెరిచారు. అదే సెయింట్ ఆన్స్. తర్వాత తార్నాకలో ఒకటి, మెహిదీపట్నంలో ఆడపిల్లల కాలేజీ, ఇట్లా శాఖలు పెరిగాయి. పొద్దున్నే ఆటోల్లో, బస్సుల్లో 'సెయింట్ ఆన్స్' అన్న బ్యాడ్జీ పెట్టుకుని పోయే పిల్లలను రోజూ చూస్తాము. వాళ్ల మెడలో వేలాడేది మన హన్నమ్మ పేరేనని ఎవరికి తోస్తుంది?

గుంటూరువాళ్లకు ఇంకొక అన్నా తెలుసు. అన్నా సారా కుగ్లర్. ఈమె పేరులో రెండూ హెబ్రీ మాటలే. సారా అంటే రాకుమారి. 1856లో అమెరికాలోని పెన్సిల్వేనియాలో పుట్టి, ఆ రోజుల్లోనే వైద్యం చదివి, 1883లో గుంటూరు వచ్చింది. మొదట ఆమెకు అప్పగించిన పని ఆడవాళ్లకు చదువు చెప్పడం. కాని మందుల పెట్టె చేతిలో ఉన్న మనిషిని రోగులు వదులుతారా? పరాయి మగవైద్యుణ్ణి చూడనివ్వని ఇళ్లనుంచి పిలుపులు వచ్చాయి. చందాలు పోగుచేసి 1898లో స్త్రీలకూ పిల్లలకూ ఆసుపత్రి తెరిచింది. రోగుల బంధువులు దిగడానికి ఏలూరు జమీందారు సత్రం కట్టించారు. ఆయన భార్యకు అక్కడే సుఖప్రసవం అయిందన్న కృతజ్ఞత అది. 1930లో ఆమె గుంటూరులోనే కన్నుమూసింది. ఆసుపత్రికి ఆమె పేరే నిలిచింది. బిడ్డలకోసం తపించిన స్త్రీ పేరు పెట్టుకున్న ఈమె తాను పెళ్లి చేసుకోలేదు గాని ఎన్ని వేలమందికి పురుడు పోసిందో!

మదనపల్లెలో 1915లో కాలేజీ వెలసిందంటే దానికి మూలమైన అనీబిసెంటు పేరు కూడా ఇదే. ఆనీ అనేది ఆన్‌కు ముద్దుపేరు. కాని ఆవిడ చరిత్ర అందరికీ తెలిసినదే గనుక వదిలేస్తున్నాను.

ఇక ఇంగ్లండులో ఈ పేరు పడిన పాట్లు చూడండి. మతసంస్కరణ తర్వాత ప్రొటెస్టెంటులు పాత నిబంధన పేర్లమీద మోజుపడి హకారాన్ని తిరిగి తెచ్చారు. ఆన్ రాణులు ఆన్ రాణులుగానే ఉన్నారు, భక్తుల ఇళ్లలో హన్నాలు పుట్టారు. పందొమ్మిదో శతాబ్దానికి అది పల్లెటూరి పేరు, పనిమనిషి పేరు అయిపోయింది. 'జేన్ ఐర్' నవలలో హన్నా వంటింటి దాసి. 1868లో వచ్చిన 'లిటిల్ విమెన్'లోనూ అంతే. తర్వాత చాలాకాలం ఎవరూ ముట్టుకోలేదు. 1990ల చివరికి వచ్చేసరికి అమెరికాలో ఆడపిల్లలకు ఎక్కువగా పెట్టే మొదటి అయిదు పేర్లలో ఒకటయి కూర్చున్నది! పేర్లకూ పాత నగలకూ ఒకటే రాత కాబోలు. అమ్మ విసుక్కున్నది మనవరాలు ముచ్చటపడుతుంది.

మన దేశంలోనూ దాదాపు ఇదే కథ. పందొమ్మిదో శతాబ్దం నడుమ తెలుగులో పూర్తి బైబిలు చేతికి వచ్చాక నెల్లూరు, ఒంగోలు, గుంటూరు, తర్వాత మెదకు, దోర్నకల్ ప్రాంతాలలో కొత్తగా సంఘంలో చేరిన పేద కుటుంబాలు రూతమ్మ, సారమ్మ, ఎస్తేరమ్మ, హన్నమ్మ అని పిల్లలకు పెట్టుకున్నారు. పుల్లమ్మ, పెంటమ్మ అని పిలిపించుకున్నవాళ్లకు, అరే ఒరే అని తప్ప పేరుతో పిలుపే ఎరుగని వాళ్లకు, ఆ పేరులో ఒక గౌరవముండేది. రాజును అభిషేకించినవాడి తల్లి పేరు మరి! కాని ఊరి నడివీధిలో ఆ పేరు విన్నవాళ్లకు వినబడింది ప్రవక్త తల్లి కాదు, ఫలానా పేట మనిషి. పేరు విని కూర్చోమనాలో నిలబెట్టాలో నిర్ణయించుకునే అలవాటు మనకు తరాలనాటిది. దాన్ని నేనూ ఎరుగుదును, మీరూ ఎరుగుదురు.

ఇప్పుడు రెండో పేరు సంగతి. హన్నమ్మను బడిలో వేసేటప్పుడు ఆమె తండ్రి హాజరుపట్టీలో మరో పేరు రాయించాడు. 1950లో వెలువడిన రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం షెడ్యూల్డు కులాల హోదా హిందువులకే. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు. క్రైస్తవులకు లేదు. మన రాష్ట్రాల్లో షెడ్యూల్డు కులాలనుంచి క్రైస్తవులైన వారిని వెనుకబడిన తరగతుల 'సి' వర్గంలో ఉంచి ఒక శాతం రిజర్వేషను ఇస్తున్నారు. చట్టం చూసేది మతాన్నే గాని పేరును కాదు. అయినా దరఖాస్తు మీద ముందుగా కంటికి ఆనేది పేరే. అందుచేత ఎన్నో ఇళ్లలో ఆదివారానికొక పేరు, మిగిలిన ఆరు రోజులకొక పేరు. దీన్ని మోసమనేవాళ్లూ ఉన్నారు, వేరే దారి లేదనేవాళ్లూ ఉన్నారు. కులం మారకుండా దేవుడు మాత్రమే మారినచోట పేరు రెండుగా చీలిందని నాకు తోస్తుంది.

"మా నాయిన నా మంచికే రాయించిండు సారూ. కని బళ్లె టీచరు పేరు పిలిస్తే నాకు పలకబుద్ధి కాకపోయేది. ఎవల్నో పిలిచినట్టు ఉండేది" అన్నది హన్నమ్మ.

కొడుకు నాచారంలో ఒక కంపెనీలో సూపర్వైజరు. అతనికి హన్నా అనే పేరు ఇష్టమే గాని సందేహం. "రేపు సర్టిఫికెట్ల కాడ తిప్పలయితే?" అంటాడు. కోడలు, "హన్నా అంటే ఇప్పుడు ఎవరూ ఏ మతమని అడగరు, అది మోడరన్ పేరు" అంటుంది. ఇద్దరూ న్యాయం చెప్పమని నా వైపు చూశారు. అమ్మ చివర కలిపితే పేట పేరయిన మాట, అది తీసేస్తే ఫ్యాషను పేరవడం నాకు నవ్వు తెప్పించింది. పూర్తిగా నవ్వలేకపోయాను కూడా.

నేను చెప్పగలిగిందల్లా ఒకటి. జననం నమోదు చేయించేటప్పుడే పేరు రాయించి తీరాలని లేదు. పేరు లేకుండా నమోదయిన జననానికి పన్నెండు నెలలలోపు రుసుము లేకుండానే పేరు చేర్పించవచ్చు. ఆ పైన ఆలస్య రుసుము కట్టి పదిహేనేళ్ల వరకూ చేర్పించవచ్చు. తొందరేముంది, ఆలోచించుకోండి అన్నాను.

ఆవిడ మాత్రం పేరుకు అర్థం మరోసారి చెప్పించుకున్నది. దయ, కృప, అడగకుండా ఇచ్చేది. "అడగకుండనా? గా తల్లి అంతగనం ఏడ్చి అడిగింది గద సారూ!" అని నన్నే నిలదీసింది. నా దగ్గర జవాబు లేదు. హెబ్రీ నిఘంటువులో కూడా ఉండదు.

ఇది జరిగి నాలుగు నెలలయింది. పిల్ల బోర్లా పడుతున్నది. కోడలు హన్నా అనీ, చుట్టుపక్కల వాళ్లు హన్నీ అనీ పిలుస్తున్నారు. నాయనమ్మ మాత్రం "అమ్మా" అంటుంది. మొన్న పక్క గేటులో కనబడి జనన పత్రం తెచ్చి చూపించింది. తండ్రి పేరు, తల్లి పేరు, తేదీ, ఊరు అన్నీ ఉన్నాయి. బిడ్డ పేరున్న గడి ఇంకా ఖాళీగానే ఉన్నది.